ఎయిడెడ్ బడికి ఇద్దరు కరస్పాండెంట్లు: స్థలం ఎవరిది, బాధ్యత ఎవరిది?

గోదావరి_తీరం
మా ఊరి ఎయిడెడ్ (ప్రైవేటు యాజమాన్యం నడిపే, ఉపాధ్యాయుల జీతాలు ప్రభుత్వం ఇచ్చే) ఉన్నత పాఠశాల స్వాతంత్ర్యానికి ముందే మొదలైంది. ఊరి పెద్దలు కొందరు సొసైటీగా ఏర్పడితే, మా తాతగారు మూడెకరాల మెరక భూమిని దఖలు దస్తావేజు (దానపత్రం) ద్వారా ఆ సొసైటీకి రాసిచ్చారు. ఇప్పుడు ఆ సొసైటీకి రెండు కమిటీలు, వాటికి చెరొక కరస్పాండెంట్ (బడి వ్యవహారాలు చూసే యాజమాన్య ప్రతినిధి) ఉన్నారు. రెండూ సర్వసభ్య సమావేశం జరిపామంటూ మినిట్స్ పుస్తకాలు చూపిస్తున్నాయి, రెండూ తమ కార్యవర్గ జాబితాను సొసైటీల రిజిస్ట్రారుకు దాఖలు చేశాయి. ఒక వర్గం ఆటస్థలంలో రోడ్డు వైపు భాగాన్ని దుకాణాలు కట్టుకోవడానికి 33 ఏళ్ల లీజుకు ఇచ్చిందట. పునాదులకు ముగ్గు కూడా పోశారు.

డీఈవో (జిల్లా విద్యాశాఖాధికారి) కార్యాలయానికి వెళితే అది సివిల్ తగాదా అన్నారు. రిజిస్ట్రారు కార్యాలయంలో కోర్టుకు వెళ్లమన్నారు. నేను సొసైటీ సభ్యుణ్ని కాను, దాత మనవణ్ని మాత్రమే. నేను ఎక్కడికి వెళ్లాలి? ఉపాధ్యాయుల జీతాలు ప్రభుత్వమే ఇస్తున్నప్పుడు ఈ స్థలం మీద ప్రభుత్వానికి హక్కు ఉండదా?

నిడదవోలు_రైతు
జీతాలిచ్చే ప్రభుత్వానికి భూమి మీద హక్కు ఎందుకు ఉండదు? ఇన్నేళ్ల గ్రాంటు లెక్క వేస్తే ఆ మూడెకరాల విలువకు ఎన్నో రెట్లు అవుతుంది. స్వాధీనం చేసుకుని జిల్లా పరిషత్తు ఉన్నత పాఠశాలగా మారిస్తే ఈ కమిటీల గొడవే ఉండదు.

వకీలు_ఏలూరు
రైతు గారి ఆవేదన అర్థమవుతోంది కానీ, చట్టం ఆ మాట అనదు. గ్రాంటు అనేది ఉపాధ్యాయ పోస్టులకు ఇచ్చే సహాయం. దానివల్ల భవనమూ స్థలమూ ప్రభుత్వపరం కావు. ఆస్తి సొసైటీదైతే సొసైటీదే, ట్రస్టుదైతే ట్రస్టుదే. రాజ్యాంగంలోని 300ఎ అధికరణం ప్రకారం చట్టబద్ధమైన అధికారం లేకుండా ఎవరి ఆస్తినీ ప్రభుత్వం తీసుకోలేదు. మైనారిటీ విద్యాసంస్థ అయితే 30(1ఎ) అధికరణం కూడా అడ్డు నిలుస్తుంది, ఎందుకంటే ఆ సంస్థ ఆస్తిని సేకరించేటప్పుడు ఇచ్చే పరిహారం, తమ విద్యాసంస్థను నెలకొల్పి నడుపుకునే వారి హక్కును హరించేంత తక్కువగా ఉండకూడదని 1978 నాటి 44వ సవరణ చెప్పింది.

అయితే ఆస్తి సొసైటీదే అయినంత మాత్రాన కమిటీ సభ్యుల సొంతం అయిపోదు. ఈ తేడాను మన ఊళ్లలో చాలామంది కరస్పాండెంట్లు కావాలనే మరిచిపోతున్నారు. 1860 నాటి పాత సొసైటీల చట్టం 14వ సెక్షన్ కూడా, సొసైటీ రద్దయినా మిగిలిన ఆస్తిని సభ్యులు పంచుకోవడానికి వీల్లేదని, అది మరో సొసైటీకే పోవాలని చెప్పింది.

గోదావరి_తీరం గారూ, మూడు విషయాలు చెబితే మీ ప్రశ్నకు సూటిగా జవాబు ఇవ్వగలను. దస్తావేజులో స్థలాన్ని ఏ అవసరానికి ఇస్తున్నట్లు రాశారు? ఆ లీజు రిజిస్టర్ అయిందా? రెండు కమిటీల్లో ఎవరైనా ఇప్పటికే జిల్లా కోర్టుకు వెళ్లారా?

లెక్కల_టీచరమ్మ
నేను ఇలాంటి రెండు కమిటీల బడిలోనే పనిచేస్తున్నాను, ఊరు పేరు చెప్పను. ఇద్దరు కరస్పాండెంట్లు ఉంటే మొదట దెబ్బ తినేది మా జీతం బిల్లు. ఎవరి సంతకం చెల్లుతుందో తేలక నెలల తరబడి బిల్లు ఆగిపోయింది. హాజరు పట్టీని ఒకాయన తీసుకుపోతే ఇంకొకాయన కొత్తది తెచ్చి పెట్టారు, మేము రెండింటిలోనూ సంతకాలు చేశాం. పదో తరగతి నామినల్ రోల్స్ (పరీక్ష రాసే విద్యార్థుల జాబితాలు) గడువు దగ్గర పడుతున్నప్పుడు ప్రధానోపాధ్యాయురాలు పడ్డ వేదన నేను కళ్లారా చూశాను. స్థలం గురించి మాట్లాడేవారు లోపల చదువుకునే పిల్లల గురించి కూడా ఒక్క వాక్యం రాయాలని నా కోరిక.

మాజీ_కరస్పాండెంట్
యాజమాన్యాలన్నీ భూమి కోసమే ఉన్నాయన్నట్టు రాయడం అన్యాయం. ఇరవై ఏళ్లకు పైగా ఒక ఎయిడెడ్ బడిని నడిపినవాడిగా చెబుతున్నాను. 2004 నుంచి ఎయిడెడ్ పోస్టుల భర్తీ మీద నిషేధం పెట్టారు. ఒక టీచరు పదవీ విరమణ చేస్తే ఆ పోస్టు ఖాళీగానే ఉండిపోతుంది. పదిహేను మంది ఉపాధ్యాయులున్న బడి అయిదుగురికి దిగిపోతే తల్లిదండ్రులు పిల్లలను పక్కనున్న ప్రైవేటు బడిలో వేస్తారు, విద్యార్థుల సంఖ్య తగ్గిందని చెప్పి అధికారులు ఉన్న పోస్టులనూ వేరే చోటికి సర్దుబాటు చేస్తారు. ఇక పెంకులు మార్చడానికి, కరెంటు బిల్లు కట్టడానికి, విద్యా వలంటీర్లకు జీతం ఇవ్వడానికి డబ్బు ఎక్కడి నుంచి రావాలి? ఫీజు తీసుకోకూడదు, గ్రాంటు జీతాలకే పరిమితం. రోడ్డు వైపు నాలుగు దుకాణాలు కట్టి ఆ అద్దెతో బడి నడిపిన యాజమాన్యాలు ఉన్నాయి. మాదీ అలాంటిదే. ఆ అద్దె ప్రతి రూపాయికీ ఆడిట్ చేయించాం.

నిడదవోలు_రైతు
మీరు ఆడిట్ చేయించారు, సంతోషం. 33 ఏళ్లకు రాసిచ్చేవారు ఏ ఆడిట్ చేయిస్తారు?

పాత_సూపరింటెండెంట్
డీఈవో కార్యాలయంలో ఎయిడెడ్ సెక్షన్ చూసినవాణ్ని. పదవీ విరమణ అయిపోయింది కాబట్టి స్వేచ్ఛగా రాస్తున్నాను. గోదావరి_తీరం గారికి చెప్పిన జవాబు సగం నిజం. సొసైటీలో అసలైన కమిటీ ఏది అని తేల్చే అధికారం డీఈవోకు లేదు, రిజిస్ట్రారుకూ లేదు. 2001 నాటి ఆంధ్రప్రదేశ్ సొసైటీల రిజిస్ట్రేషన్ చట్టం కింద రిజిస్ట్రారు వచ్చిన జాబితాను ఫైలులో పెట్టుకుంటారే తప్ప, దాన్ని విచారించి తీర్పు ఇవ్వరు. రిజిస్ట్రారు ముద్ర పడింది కాబట్టి మాదే అసలు కమిటీ అని ఎవరైనా అంటే నమ్మకండి, ఎందుకంటే రెండో వర్గం కాగితం మీద కూడా అదే ముద్ర ఉంటుంది.

కానీ డీఈవో చేతులు కట్టుకుని కూర్చోవలసిన అవసరం కూడా లేదు. 1982 నాటి ఆంధ్రప్రదేశ్ విద్యా చట్టం, దాని కింద 1994 జనవరి 1న వచ్చిన ఒకటో నంబరు జీవో నియమాలు పాఠశాల గుర్తింపునకు షరతులు పెట్టాయి. స్థలం, ఆటస్థలం, భవనం ఆ షరతుల్లో భాగమే. ఆటస్థలం దుకాణాలకు పోతోందని లిఖితపూర్వకంగా ఫిర్యాదు వస్తే, గుర్తింపు షరతు ఉల్లంఘన కింద తనిఖీ చేసి నోటీసు ఇవ్వవచ్చు. అందుకు ఎవరు కరస్పాండెంట్ అన్నది తేలనక్కరలేదు, నోటీసును రెండు వర్గాలకూ ఇవ్వవచ్చు. ఫిర్యాదులో యాజమాన్య తగాదా ఊసు ఎత్తకుండా ఆటస్థలం విషయం ఒక్కటే రాయండి. తగాదా అన్న మాట కనిపించగానే ఫైలు పక్కకు పోతుంది.

గోదావరి_తీరం
వకీలు గారు అడిగినవి చెబుతున్నాను. దస్తావేజు అసలు ప్రతి మా దగ్గర లేదు. మా నాన్నగారికి గుర్తున్నంత వరకు, బడి నిమిత్తమే వాడాలని అందులో ఉంది. లీజు అగ్రిమెంటు జిరాక్సు ఒకటి దొరికింది. అది స్టాంపు కాగితం మీద రాసి నోటరీ చేయించినదే, రిజిస్టర్ అయినట్టు ఎక్కడా లేదు. ఒక వర్గం కోర్టులో కేసు వేసిందని చెప్పుకుంటున్నారు కానీ నంబరు ఎవరికీ తెలియదు.

వకీలు_ఏలూరు
అయితే పరిస్థితి మీరు అనుకున్నంత చేయి దాటిపోలేదు. ఏడాదికి మించిన స్థిరాస్తి లీజు రిజిస్టర్ అయి తీరాలి. నోటరీ ముద్రతో 33 ఏళ్ల హక్కు పుట్టదు. కాగితం మీద ఎన్నేళ్లు రాసుకున్నా, ఆ వ్యక్తి లీజుదారు అనే పేరుతో దీర్ఘకాలపు హక్కు కోరలేడు. అయినా గోడలు లేచాక కూల్చడం కష్టం కనుక పునాది దశలోనే కదలాలి.

మొదట సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలో దస్తావేజు నకలుకు దరఖాస్తు చేయండి. 1983కు ముందటి లావాదేవీలు ఆన్‌లైన్ ఈసీలో (ఆస్తి లావాదేవీల ధ్రువపత్రంలో) రావు, పాత ఇండెక్సు పుస్తకాల్లో చేతితో వెతికించాలి. మీ తాతగారి పేరు, గ్రామం, ఉజ్జాయింపుగా సంవత్సరం ఇస్తే చాలు. పాత సర్వే నంబరుకు ఇప్పటి సబ్ డివిజన్ నంబరుకు పొంతన కుదరకపోవచ్చు, అందుకని అడంగల్ (గ్రామ భూమి వివరాల రికార్డు), ఎఫ్ఎంబీ (సర్వే కొలతల పటం) కూడా తీసుకోండి. కేసు నంబరు ఈ-కోర్ట్స్ సైటులో సొసైటీ పేరుతో వెతికితే దొరుకుతుంది.

ఇక ఎక్కడికి వెళ్లాలన్న ప్రశ్న. 2001 చట్టంలోని 23వ సెక్షన్ ప్రకారం సొసైటీ వ్యవహారాల మీద తగాదా వస్తే మధ్యవర్తిత్వానికి వెళ్లవచ్చు, లేదా జిల్లా కోర్టులో దరఖాస్తు వేయవచ్చు. కానీ ఆ అవకాశం సభ్యులకే ఉంది. మీరు సభ్యులు కారు కాబట్టి ఆ దారి మూసుకుపోయింది. మీకున్నది సివిల్ ప్రొసీజర్ కోడ్ 92వ సెక్షన్. ఆస్తిని ప్రజోపయోగమైన ధర్మకార్యానికి ట్రస్టుగా ఇచ్చినప్పుడు, దాని మీద ఆసక్తి ఉన్న ఇద్దరు లేదా అంతకంటే ఎక్కువమంది కోర్టు అనుమతి తీసుకుని దావా వేయవచ్చు. నిర్వాహకులను తొలగించమని, లెక్కలు చెప్పించమని, నిర్వహణకు ఒక స్కీము రూపొందించమని కోరవచ్చు. ఆస్తి సొసైటీ పేరున ఉన్నప్పుడు అది ప్రజల కోసం ధర్మకర్తృత్వంలో ఉన్న ఆస్తి అని మీరే చూపించాలి. అందుకే దస్తావేజులోని ప్రతి మాటా ముఖ్యం.

డల్లాస్_పూర్వవిద్యార్థి
మేం పూర్వ విద్యార్థులం ఇటువంటి బడికే భవనం కట్టించడానికి నిధి పోగుచేస్తున్నాం. ఇప్పుడు ఈ చర్చ చదివాక చేయి ఆడటం లేదు. ఇంతకీ దాత మనవడు దస్తావేజును రద్దు చేసుకుని స్థలం వెనక్కి తీసుకోలేడా? బడికి వాడనప్పుడు ఇచ్చినవారి కుటుంబానికే పోవాలి కదా.

వకీలు_ఏలూరు
అంత తేలిక కాదు. ఆస్తి బదిలీ చట్టం 126వ సెక్షన్ ప్రకారం, దానం ఇచ్చేటప్పుడే ఇరుపక్షాలూ ఒప్పుకుని ఫలానా సంఘటన జరిగితే రద్దు అవుతుందని షరతు రాసుకుని ఉండాలి, ఆ సంఘటన దాత ఇష్టాయిష్టాల మీద ఆధారపడింది కాకూడదు. బడి నిమిత్తం ఇస్తున్నాను అని రాయడం వేరు, బడికి వాడకపోతే నా వారసులకు తిరిగి రావాలి అని రాయడం వేరు. మొదటి రకం మాట ట్రస్టు వాదనకు బలం ఇస్తుంది కానీ భూమిని వారసులకు తిరిగి ఇవ్వదు.

మీరు ఇవ్వబోయే విరాళం విషయంలో నా సలహా ఒకటే. డబ్బు ఇచ్చేముందు ఆస్తి ఎవరి పేరున ఉందో చూడండి, ఏ ప్రయోజనానికి ఇస్తున్నారో, వాడకపోతే ఏ సంస్థకు చెందాలో రిజిస్టరు పత్రంలో రాయించండి.

విజయనగరం_కోట
పెద్ద సంస్థల్లోనూ ఇదే కథ. మాన్సాస్ ట్రస్టు సంగతి అందరికీ తెలిసిందే. పి.వి.జి. రాజు గారు 1958లో నెలకొల్పిన ఆ ట్రస్టు కింద మహారాజా కళాశాలతో పాటు ఎన్నో విద్యాసంస్థలు, వేల ఎకరాల భూములు ఉన్నాయి. 2020 మార్చిలో ప్రభుత్వం జీవో ద్వారా సంచయిత గజపతిరాజు గారిని ఛైర్‌పర్సన్‌గా నియమించింది. 2021 జూన్‌లో హైకోర్టు ఆ నియామకాన్ని కొట్టివేసి అశోక్ గజపతిరాజు గారిని తిరిగి ఆ స్థానంలో నిలిపింది. ఆ పదిహేను నెలలూ పత్రికల్లో వంశ పారంపర్య హక్కు గురించే చర్చ సాగింది. తర్వాతి నెలలోనే జీతాలు అందలేదని సంస్థల ఉద్యోగులు ఆందోళనకు దిగారు. పైన టీచరమ్మ గారు రాసినది చదివినప్పుడు నాకు గుర్తొచ్చింది అదే.

నిడదవోలు_రైతు
మాన్సాస్ మీద దేవాదాయ శాఖ అజమాయిషీ ఉంది కదా. మా దగ్గరి బడులకు కూడా అది ఉంటే భూములు మిగిలేవి.

పాత_సూపరింటెండెంట్
ఆ పోలిక అన్ని బడులకూ సరిపోదు. కాకినాడలోని ఎం.ఎస్.ఎన్. ఛారిటీస్ వంటివి, అంటే ఒక దాత వీలునామాతో ఏర్పడిన ధర్మసంస్థలు, 1987 నాటి దేవాదాయ ధర్మాదాయ చట్టం కిందకు వస్తాయి. అక్కడ భూమి అమ్మాలంటే ముందస్తు అనుమతి కావాలి, భూమి రిజిస్ట్రేషన్ చేయకూడని 22ఎ నిషేధిత జాబితాలో ఉంటుంది. ఊరివాళ్లు కలిసి పెట్టుకున్న మామూలు సొసైటీ బడి స్థలం ఆ జాబితాలో తనంతట తాను చేరదు. సబ్ రిజిస్ట్రారు కంప్యూటరు అభ్యంతరం చెప్పదు, దస్తావేజు రిజిస్టర్ అయిపోతుంది. ఎయిడెడ్ బడుల స్థలాలకు ఇదే అతిపెద్ద లొసుగని నా అభిప్రాయం.

ఇంకో సంగతి. కొన్ని బడుల స్థలాలు దాతలవి కావు, ప్రభుత్వ భూమినే బీఎస్ఓ 24 (రెవెన్యూ బోర్డు స్థాయీ ఉత్తర్వు) కింద బడి కోసం ఇచ్చి ఉంటారు. అలాంటి చోట షరతు తప్పితే ప్రభుత్వం వెనక్కి తీసుకోవచ్చు. తహసీల్దారు కార్యాలయంలో పాత ఫైలు తీయించకుండా ఎవరి భూమి అన్నది నిర్ణయించకండి.

కోజికోడ్‌లో_తెలుగోడు
ఉద్యోగరీత్యా కేరళలో ఉంటున్నాను. ఇక్కడ ఎయిడెడ్ బడులే ఎక్కువ కాబట్టి ఈ సమస్యను చట్టంలోనే పట్టించుకున్నారు. 1958 నాటి కేరళ విద్యా చట్టం 6వ సెక్షన్ ప్రకారం ఎయిడెడ్ బడి ఆస్తిని అనుమతి లేకుండా అమ్మడానికి, తాకట్టు పెట్టడానికి, లీజుకు ఇవ్వడానికి వీల్లేదు. బడి మూసేయాలంటే మేనేజరు ఏడాది ముందు నోటీసు ఇవ్వాలి, ఆ గడువు కూడా మే 31తోనే ముగియాలి, అంటే విద్యా సంవత్సరం మధ్యలో మూయకూడదు.

అయినా మలాపరంబ అనే చోట, 2014 ఏప్రిల్‌లో మేనేజరు రాత్రికి రాత్రే బడి భవనాన్ని కూల్పించారు. స్థలం విలువ పెరగడమే అందుకు కారణమని ఊరంతా అన్నారు. స్థానికులు చందాలు వేసుకుని మళ్లీ కట్టుకున్నారు. 2016లో కోర్టు ఆదేశంతో బడి మూయవలసి వచ్చినప్పుడు పిల్లలను కలెక్టరేటుకు తీసుకువెళ్లి అక్కడ తరగతులు నడిపారు, ఆ తర్వాత ప్రభుత్వం పరిహారం ఇచ్చి బడిని తన చేతిలోకి తీసుకుంది. రైతు గారు కోరిన స్వాధీనం అక్కడ జరిగింది, కానీ చట్టం ప్రకారం, డబ్బు చెల్లించి.

గన్‌ఫౌండ్రీ_గళం
కేరళ ప్రస్తావన వచ్చింది కనుక ఆ కథ మొదటి భాగం కూడా చెప్పుకోవాలి. ఆ కేరళ విద్యా బిల్లును రాష్ట్రపతి సుప్రీంకోర్టు సలహాకు పంపినప్పుడు, 1958లో వచ్చిన అభిప్రాయంలోనే, యాజమాన్యాన్ని స్వాధీనం చేసుకునే 14, 15 క్లాజులు మైనారిటీ సంస్థల విషయంలో 30(1) అధికరణానికి విరుద్ధమని కోర్టు చెప్పింది. హైదరాబాద్ ఆల్ సెయింట్స్ ఉన్నత పాఠశాల కేసులో 1980లో, ఉపాధ్యాయుడిని తొలగించడానికి అధికారి ముందస్తు ఆమోదం కావాలన్న నాటి ఆంధ్రప్రదేశ్ చట్ట నిబంధన మైనారిటీ సంస్థలకు వర్తించదని తీర్పు వచ్చింది. సస్పెన్షన్ రెండు నెలలు దాటకూడదన్న నిబంధన మాత్రం నిలిచింది. అంటే ఉపాధ్యాయుడికి కనీస రక్షణ ఉండాలి, కానీ ఆ పేరుతో నిర్వహణ అధికారి చేతికి పోకూడదు. ప్రభుత్వం అన్నింటినీ తీసుకుంటే బాగుంటుంది అనేవారు ఈ తీర్పులు చదవాలి.

లెక్కల_టీచరమ్మ
చదివాను. పదవి నుంచి తీసివేయబడిన టీచరు వైపు నుంచి కూడా ఒకసారి చదివి చూడండి. మైనారిటీ సంస్థ అయితే ముందస్తు ఆమోదం లేదు, మామూలు సంస్థ అయితే రెండు కమిటీల్లో ఒకటి ఇచ్చిన ఉత్తర్వును రెండోది ఒప్పుకోదు. మా సహోద్యోగిని ఒకరిని ఒక వర్గం సస్పెండ్ చేస్తే ఇంకో వర్గం ఆ ఉత్తర్వు చెల్లదని కాగితం ఇచ్చింది. ఆమె బడికి వెళ్లాలో మానాలో తెలియక గేటు దగ్గర నిలబడిన రోజులు ఉన్నాయి.

గన్‌ఫౌండ్రీ_గళం
టీచరమ్మ గారి మాటను తోసిపుచ్చను. సంస్థ స్వయంప్రతిపత్తిని కోరే యాజమాన్యం ఉపాధ్యాయుల పట్ల అంతే నిక్కచ్చిగా ఉండాలి.

అనంతపురం_అమ్మ
2021లో మా జిల్లాలో జరిగినది ఎవరూ రాయలేదేమని ఎదురుచూశాను. ఆ ఆగస్టులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చి ఎయిడెడ్ విద్యాసంస్థలను రెండు దారుల ముందు నిలబెట్టారు: ఆస్తులతో సహా ప్రభుత్వానికి అప్పగించడం, లేదా గ్రాంటు పోస్టులు మాత్రం అప్పగించి ప్రైవేటుగా నడుపుకోవడం. ఉపాధ్యాయులు ప్రభుత్వ బడులకు వెళ్లిపోయారు, పిల్లలను వేరే బడి చూసుకోమన్నారు. నవంబరులో అనంతపురం ఎస్.ఎస్.బి.ఎన్. కళాశాల దగ్గర విద్యార్థుల మీద లాఠీ విరిగింది. ఆ తర్వాతే నవంబరు 12న మెమో ఇచ్చి, ఉన్నది ఉన్నట్టు ఎయిడెడ్‌గా కొనసాగవచ్చు, ఇచ్చిన సమ్మతిని వెనక్కి తీసుకోవచ్చు అన్న దారులు కూడా కలిపారు. ఈ నిర్ణయాల్లో ఎక్కడా తల్లిదండ్రులను అడగలేదు. యాజమాన్యమూ ప్రభుత్వమూ ఆస్తి గురించి, పోస్టుల గురించి లెక్కలు వేసుకున్నాయి. ఫీజు లేకుండా చదివే పిల్ల ఏమైపోతుందన్నది ఎవరి లెక్కలోనూ లేదు.

మాజీ_కరస్పాండెంట్
ఆ రోజుల్లో మా మీద ఒత్తిడి ఎంత ఉండేదో అమ్మగారికి తెలియదు. సమ్మతి పత్రం ఇవ్వకపోతే గ్రాంటు ఆగిపోతుందని మౌఖికంగా చెప్పేవారు. మా పెద్దలు రాసిచ్చిన ఆస్తిని మేము సంతకం పెట్టి ఇచ్చేయడానికి మాకు మాత్రం ఏ అధికారం ఉంది? మేము నిరాకరించాం.

వకీలు_ఏలూరు
మీరు నిరాకరించడం సబబే. కమిటీ ఆస్తిని ప్రభుత్వానికి అప్పగించాలన్నా సర్వసభ్య సమావేశం తీర్మానం, నియమావళిలో అధికారం ఉండాలి. ఈ మాట లీజుకు కూడా వర్తిస్తుంది.

అదే ఏడాది సెప్టెంబరులో సుప్రీంకోర్టు ఉత్తరప్రదేశ్‌కు చెందిన అభయ్ నందన్ ఇంటర్ కళాశాల కేసులో, గ్రాంటు పొందడం ప్రాథమిక హక్కు కాదనీ, తీసుకునేవారు షరతులకు లోబడాలనీ చెప్పింది. షరతు నచ్చకపోతే గ్రాంటు వదులుకోవచ్చు. ఈ తీర్పును ప్రభుత్వాలు తమకు అనుకూలంగా చదువుకుంటాయి కానీ, గ్రాంటు షరతుల పేరుతో ఆస్తి తీసుకోవచ్చని అందులో లేదు.

అనంతపురం_అమ్మ
తల్లిదండ్రుల కమిటీ ఉంటుంది కదా, అది కేసు వేయలేదా?

పాత_సూపరింటెండెంట్
2009 విద్యాహక్కు చట్టం 21వ సెక్షన్ కింద ఎయిడెడ్ బడికి యాజమాన్య కమిటీ ఉండాలి, కానీ 2012 సవరణ తర్వాత ఎయిడెడ్ బడుల్లో దానిది సలహా పాత్ర మాత్రమే. అయినా తీర్మానం చేసి డీఈవోకు పంపితే ఆ కాగితానికి విలువ ఉంటుంది. రేపు 92వ సెక్షన్ దావాలో ఆసక్తి ఉన్న వ్యక్తులుగా ఇద్దరు తల్లిదండ్రులు చేరితే వారి అర్హతను కాదనడం కష్టం.

సమాచార హక్కు దరఖాస్తును కూడా మరవకండి. ప్రభుత్వం నుంచి గణనీయంగా నిధులు పొందే సంస్థలు ఆ చట్టం పరిధిలోకి వస్తాయని డి.ఎ.వి. కళాశాల ట్రస్టు కేసులో 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. బడి జవాబు ఇవ్వకపోయినా డీఈవో కార్యాలయం ఇవ్వాలి. గుర్తింపు ఫైలు, అందులోని సైట్ ప్లాను, గత పదేళ్ల తనిఖీ నివేదికలు అడగండి. సైట్ ప్లానులో ఆటస్థలం కొలతలు ఉంటాయి. నా సర్వీసులో ఎన్నో తగాదాల్లో అసలు హద్దులు తేల్చింది ఆ నీలం కాగితమే.

గోదావరి_తీరం
దస్తావేజు నకలు వచ్చింది, పాత పుస్తకాల్లో దొరికింది. "హైస్కూలు భవనములకును, విద్యార్థుల ఆటలకును మాత్రమే వినియోగించవలెను, అన్యాక్రాంతము చేయరాదు" అని ఉంది. వారసులకు తిరిగి రావాలని ఎక్కడా లేదు. నాకు భూమి అక్కరలేదు కూడా. మా తాతగారు ఇచ్చింది బడికి, అది బడికే ఉండాలి. ఈ-కోర్ట్స్‌లో కేసు కూడా దొరికింది. లీజు ఇవ్వని వర్గం 23వ సెక్షన్ కింద జిల్లా కోర్టులో దరఖాస్తు వేసింది, కానీ అందులో లీజు మాటే లేదు, కార్యవర్గ ఎన్నిక గురించే ఉంది.

లెక్కల_టీచరమ్మ
చూశారా, బడి కోసం పోరాడుతున్నామనే వర్గం కూడా ఆటస్థలాన్ని అడగలేదు.

వకీలు_ఏలూరు
"మాత్రమే", "అన్యాక్రాంతము చేయరాదు" అన్న మాటలు మీకు చాలా బలం. ఆ ఆస్తి విద్యార్థుల కోసం ఉద్దేశించినదన్న వాదనకు ఇంతకంటే మంచి ఆధారం దొరకదు.

మీరు, ఒక విద్యార్థి తల్లి లేదా తండ్రి, వీలైతే ఒక పూర్వ విద్యార్థి కలిసి అనుమతి దరఖాస్తుతో పాటు దావా వేయండి. రెండు కమిటీలనూ, లీజుదారునూ ప్రతివాదులుగా చేర్చండి. ప్రభుత్వాన్ని చేర్చాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద ముందస్తు నోటీసుకు రెండు నెలలు పడుతుంది, అత్యవసరమని కోర్టును ఒప్పిస్తే ఆ నోటీసు లేకుండానే అనుమతి తీసుకోవచ్చు. వెంటనే తాత్కాలిక నిషేధ ఉత్తర్వు కోరండి, ప్రస్తుత స్థితిని నమోదు చేయడానికి అడ్వకేట్ కమిషనరును వేయమని అడగండి. కమిషనరు వచ్చి ఫొటోలతో నివేదిక ఇస్తే, ఆ తర్వాత లేచిన ప్రతి గోడా ఎప్పుడు లేచిందో రుజువు చేయడం తేలిక. రెండు వర్గాల్లో ఎవరికీ అప్పగించలేని పరిస్థితి ఉంటే రిసీవరును (కోర్టు తరఫున ఆస్తిని చూసుకునే వ్యక్తిని) వేయమని కూడా అడగవచ్చు.

దావా పడ్డాక ఆ స్థలాన్ని ఎవరికి బదిలీ చేసినా ఆస్తి బదిలీ చట్టం 52వ సెక్షన్ కింద ఆ బదిలీ దావా ఫలితానికి కట్టుబడి ఉంటుంది. దావా కాపీని సబ్ రిజిస్ట్రారుకు, మున్సిపాలిటీ లేదా పంచాయతీ ప్లాను మంజూరు చేసే అధికారికి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. దుకాణాలకు ప్లాను మంజూరైందో లేదో ముందే కనుక్కోండి, మంజూరు కాకపోతే పని ఆపించడానికి అదే అన్నిటికన్నా దగ్గరి దారి.

నిడదవోలు_రైతు
పంచాయతీ కార్యదర్శి దగ్గరికి మీతో పాటు మేమూ వస్తాం, ఏ మండలమో ప్రైవేటు సందేశం పంపండి. వకీలు గారు ఇంత విపులంగా రాసినందుకు ఊరికి వస్తే పూతరేకులు మా వంతు.

మాజీ_కరస్పాండెంట్
ఒక మనవి. దావాలో స్కీము కోరేటప్పుడు, రోడ్డు వైపు స్థలం మీద ఆదాయం రాకుండా పూర్తిగా కట్టడి చేయకండి. ఆటస్థలం ముట్టుకోకుండా, ఉన్న పాత గదుల అద్దె బడి ఖాతాలోనే పడేలా, కోర్టు చూసేలా రాయించండి. పోస్టులు నింపని కాలంలో ఆ కొద్ది అద్దె కూడా లేకపోతే కేసు గెలిచేనాటికి బడిలో పిల్లలు మిగలరు.

వకీలు_ఏలూరు
ఆ మాట సరైనది, ముసాయిదాలో పెట్టవలసినదే. అద్దె ఖాతాను ప్రధానోపాధ్యాయుడు, కోర్టు నియమించిన వ్యక్తి కలిసి నడిపేలా కోరవచ్చు.

లెక్కల_టీచరమ్మ
చివరగా ఒక సందేహం. మా సర్వీసు రిజిస్టర్లు, పిల్లల అడ్మిషన్ రిజిస్టరు ఒక కమిటీ వారు తమ ఇంటికి తీసుకుపోయారు. కార్యవర్గం కేసు తేలేదాకా అవి రావా? ఇద్దరు టీచర్లు వచ్చే ఏడాది పదవీ విరమణ చేస్తున్నారు, పింఛను ప్రతిపాదనలు పంపాలి.

వకీలు_ఏలూరు
ఆగనక్కరలేదు. ఎయిడెడ్ సంస్థ సిబ్బందికి చట్టబద్ధంగా రావలసినదాని కోసం యాజమాన్యం మీద కూడా రిట్ వేయవచ్చని 1989లో ఆండీ ముక్తా ట్రస్టు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ముందు మీరు, ఆ ఇద్దరు ఉపాధ్యాయులు విడివిడిగా డీఈవోకు రాతపూర్వక వినతి ఇవ్వండి, రసీదు తీసుకోండి. తగిన సమయంలో స్పందన రాకపోతే, రిజిస్టర్లు స్వాధీనం చేయించమనీ, కమిటీ తగాదాతో సంబంధం లేకుండా పింఛను ప్రతిపాదనలు పంపించమనీ హైకోర్టులో రిట్ వేయండి. జీతం బిల్లుల నకళ్లు ట్రెజరీలో ఉంటాయి, రిజిస్టర్లు దొరకకపోయినా సర్వీసును వాటి నుంచి తిరిగి నిర్మించవచ్చు.

పాత_సూపరింటెండెంట్
ట్రెజరీతో పాటు మా పాత కార్యాలయంలోని ఎయిడెడ్ సెక్షనులో నియామక ఆమోద ఉత్తర్వుల ఫైలు కూడా ఉంటుంది. ఆమోదం వచ్చిన సంవత్సరం, పోస్టు పేరు రాసి అడగండి, పేరుతో అడిగితే దొరకడం ఆలస్యమవుతుంది.